లింకన్ పుట్టిన దుంగల ఇల్లు చేసిన ప్రయాణములు

ఉగాది సంచికకు చరిత్ర వ్యాసము ఒకటి వ్రాయవలసినదని సంఘము వారు అడిగినప్పుడు, మేము కాకతీయులను గురించియో, విజయనగర ప్రభువులను గురించియో వ్రాయుదుమని వారు అనుకొని యుండవచ్చును. ఆ పని చేయదగిన పండితులు మన సభ్యులలోనే ఉన్నారు. మేము మెట్రిక్యులేషనుతో చదువు ముగించి రైలు శాఖలో గూడ్సు గుమాస్తాగా ఉన్నవారము. సరుకు ఎక్కడ ఎక్కినది, ఎక్కడ దిగినది, పెట్టె మీది మార్కా, కాగితములోని మార్కా ఒకటేనా కాదా, ఇవి చూచుటయే మా విద్య. అందుచేత అనేక పర్యాయములు బండి ఎక్కి దిగిన ఒక ఇంటి చరిత్రను ఎన్నుకొన్నాము. అమెరికా దేశపు పదునారవ అధ్యక్షుడు అబ్రహాం లింకన్ పుట్టినదని లోకము చెప్పుకొన్న దుంగల ఇల్లు అది.

ముందుగా ఇట్టి ఇల్లు అమెరికాకు ఎట్లు వచ్చినదో చెప్పవలెను. 1620లో మేఫ్లవర్ ఓడ దిగిన ఆంగ్లేయులు మొదటినుండి దుంగల ఇండ్లలోనే కాపురమున్నారని ఆ దేశస్థులే చాలకాలము బొమ్మలు వేసి పుస్తకములలో అచ్చొత్తుకొన్నారు. అది నిజము కాదు. ఇంగ్లండులో దుంగల ఇల్లు కట్టు అలవాటు లేదు. వారు తమ దేశములో వలెనే చట్రము నిలిపి, పలకలు కొట్టి ఇండ్లు కట్టుకొన్నారు. ఈ సంగతిని విప్పి చెప్పిన హెరాల్డ్ షర్ట్‌లెఫ్ గ్రంథము 1939లో వెలువడినది. చెట్టు నరికి దుంగ మీద దుంగ పేర్చి గోడ లేపు విద్యను, 1638 మొదలు డెలవేర్ నదీతీరమున దిగిన స్వీడను దేశస్థులు, ఫిన్నులు తెచ్చినారు. జర్మను వలసవారికి కూడ ఆ పని తెలియును. వారిని చూచి ఇతరులు నేర్చుకొన్నారు. అడవి దట్టముగా ఉండి, మేకులు దొరకక, కూలివారు లేని చోట అంతకన్న అనువైన ఇల్లు లేదు. కాబట్టి అమెరికావారు తమ సొంత గుర్తుగా చెప్పుకొను ఆ ఇల్లు కూడ పరదేశమునుండి వలసవారి చేతులలో వచ్చినదే.

కట్టుబడి ఇట్లుండును. నాలుగు మూలలవద్ద ప్రతి దుంగ కొనకు గొడ్డలితో గాడి చెక్కి, ఒకదాని గాడిలో మరొకటి కూర్చుండునట్లు అమర్చుదురు. బరువే దానికి బిగింపు. దుంగల నడుమ సందులలో చెక్కముక్కలు దూర్చి బంకమట్టి కూరుదురు. ఆ మట్టి ఎండి రాలుచుండును గనుక మాటిమాటికి మెత్తుకొనవలెను. ఒకటే గది, ఒకటే తలుపు, చిన్న కిటికీ, మట్టి నేల, ఒక ప్రక్క పొయ్యి. పేదవారి ఇంట పొగగొట్టము కూడ పుల్లలు, మట్టియే. మన పల్లెలలో మట్టిగోడల ఇండ్లు ఎరిగిన పెద్దలకు ఇందులో వింత ఏమియు లేదు. ఒక్క భేదము మాత్రము గమనింపవలెను. మట్టిగోడ కూలిన మట్టిలో కలియును. దుంగల గోడను విప్పవచ్చును. విప్పిన దుంగలను బండిమీద వేసుకొనిపోయి వేరొకచోట పేర్చుకొనవచ్చును, గొడ్లసావిడికి వాడుకొనవచ్చును, తుదకు పొయ్యిలో పెట్టుకొనవచ్చును. మన కథలోని చిక్కు అంతయు ఈ సౌకర్యము వలననే వచ్చినది.

లింకన్ వంశము వారు తరతరములుగా పడమటికి జరిగిన వలసవారు. తాత పేరు కూడ అబ్రహామే. ఆయన వర్జీనియా నుండి కెంటకీ అడవులకు వచ్చి, 1786లో పొలములో పని చేసికొనుచు ఆ నేల ఆదివాసుల చేతిలో హతుడైనాడు. ఆ నేల ఎవరిదన్న ప్రశ్న నాడు ఎవరు అడిగినారు? కుమారుడు టామస్ అప్పటికి పసివాడు. ఆస్తి జ్యేష్ఠునికి పోయినది. టామస్ ఊరూర కూలి చేసి, వడ్రంగము నేర్చుకొని, 1806లో నాన్సీ హాంక్సును వివాహమాడినాడు. 1808లో హాడ్జెన్‌విల్ దాపున, నోలిన్ వాగు ప్రాంతమున, 300 ఎకరములకు పైబడిన పొలమును 200 డాలర్లు రొక్కమిచ్చి కొన్నాడు. అంత పొలమా అని ఆశ్చర్యపడవలదు. నేల సారములేనిది. అయితే అక్కడ ఒక రాతి గుహవంటి పల్లములో ఊట ఉన్నది. నీరు పైకి వచ్చి మరల భూమిలోనికి ఇంకిపోవుటచేత దానికి ఇంకుడు ఊట అని అర్థమిచ్చు పేరు వచ్చినది. ఆ ఊటకు పైనున్న మిట్టమీది ఒంటిగది ఇంటిలో 1809 ఫిబ్రవరి 12వ తేదీన అబ్రహాం పుట్టినాడు.

ఆ ఇంటిలో వారు ఎన్నాళ్ళున్నారు? రెండేండ్లకు కొంచెము పైన. పొలము హక్కుమీద తగవు వచ్చినది. కెంటకీలో నాడు సర్కారు సర్వే సరిగా జరుగలేదు. ఎవరికి తోచిన చెట్టును, బండను, వాగును వారు హద్దుగా చూపి పత్రములు వ్రాయించుకొనెడివారు. ఒకే భూమికి ఇద్దరు ముగ్గురు హక్కుదారులు లేచెడివారు. 1811లో టామస్ కుటుంబము సుమారు పది మైళ్ళ దూరములో నాబ్ క్రీక్ అనుచోటికి పోయి కౌలుకు దిగినది. అక్కడను దావా. 1816 శీతకాలములో ఒహాయో నది దాటి ఇండియానా అడవులు చేరినారు. తన తండ్రి కెంటకీ విడుచుటకు బానిసత్వము కొంత కారణమనియు, భూమి పత్రముల చిక్కు ముఖ్య కారణమనియు లింకనే తరువాత వ్రాసినాడు. పట్టా చేతిలో లేని వలసవాని బ్రతుకు ఏ దేశములోనైనను ఇంతే గదా!

ఇండియానాలో 1818 అక్టోబరు 5వ తేదీన తల్లి నాన్సీ చనిపోయినది. విషపు మొక్క మేసిన ఆవు పాలు త్రాగుట వలన వచ్చు జబ్బు అది. పిల్లవానికి అప్పటికి తొమ్మిదేండ్లు. 1830లో కుటుంబము ఇల్లినాయి రాష్ట్రమునకు కదలినది. అక్కడ మరల చెట్లు నరికి మరల దుంగల ఇల్లు. లింకన్‌కు ఇరువది యొక్కటవ ఏడు నిండినప్పటికే నాలుగు ఊళ్ళు, అంతకు మించిన ఇండ్లు అయినవన్నమాట. వీటిలో పుట్టిన ఇంటిని ఆయన ఎట్లు తలచినాడు? 1859లో తన జీవిత సంగ్రహము వ్రాసియిచ్చినప్పుడు తాను హార్డిన్ జిల్లాలో పుట్టినట్లు వ్రాసి ఊరుకొన్నాడు. ఆ ఇంటిమాట అందులో లేనే లేదు. 1860లో వ్రాసిన మరొక సంగ్రహములో ఇండియానా ఇంటిని గురించి ఒక ముచ్చట ఉన్నది. ఎనిమిదవ ఏడు నిండకమునుపు, తండ్రి ఇంటలేని సమయమున, అడవి టర్కీకోళ్ళ గుంపు వచ్చినదట. పిల్లవాడు ఇంటిలోపలనే నిలిచి, దుంగల సందునుండి తుపాకి పేల్చి ఒకదానిని కొట్టినాడట. గోడలో తుపాకి దూరునంత సందు! ఆ సందునుండి మంచుగాలి ఎంత వచ్చెడిదో పాఠకులే ఊహించుకొందురు గాక.

ఇట్టి ఇంటికి గౌరవము వచ్చుట ఎన్నికల వలన. 1840లో విలియం హెన్రీ హారిసన్ అధ్యక్ష పదవికి నిలబడగా, దుంగల ఇంటిలో కూర్చుండి కల్లువంటి పులిసిన పానీయము త్రాగుటకే ఈయన తగునని ప్రతిపక్ష పత్రిక ఒకటి ఎగతాళి చేసినది. ఆయన పక్షమువారు ఆ ఎగతాళినే పతాకముగా ఎత్తి, ఊరూర దుంగల ఇంటి బొమ్మలు ఊరేగించి గెలిచినారు. తమాషా ఏమనగా, హారిసన్ పుట్టినది వర్జీనియాలోని గొప్ప జమీందారీ మేడలో! లింకన్ విషయములో మాత్రము పేదరికము నిజమే. 1860 మే నెలలో ఇల్లినాయి రాష్ట్ర పక్ష సభలోనికి ఆయన చీల్చినవని చెప్పిన కంచె వాసములను రెంటిని మోసికొని వచ్చినారు. ఆ వాసములను ఇంగ్లీషులో రైల్ అందురు. ఆ మాట చూచి మా శాఖవారు పొంగిపోనక్కరలేదు. అవి పొలము చుట్టు కట్టు దడి కర్రలు. అయినను ఆయన వకీలుగా ఒక రైలు కంపెనీ పక్షమున వాదించి, ఫీజు రాబట్టుటకు ఆ కంపెనీ మీదనే దావా వేసి గెలిచిన మాట వాస్తవము.

1865లో లింకన్ హంతకుని గుండుకు బలియైన పిమ్మట ఆయన తాకిన ప్రతి వస్తువు పవిత్రమైనది. పుట్టిన ఇల్లు ఎక్కడ అన్న వెదకులాట అప్పుడు బయలుదేరినది. ఊట ఉన్నది, మిట్ట ఉన్నది, ఇల్లు మాత్రము అక్కడ లేదు. 1860 ప్రాంతమున ఒక వైద్యుడు ఆ దుంగలు కొని దాపుననున్న తన పొలమునకు తరలించెనని ఆ చుట్టుపట్ల వారు చెప్పుకొనెడివారు. చెప్పుకొనుటయే గాని పత్రము లేదు. 1894లో ఆల్ఫ్రెడ్ డెన్నెట్ అను న్యూయార్కు వర్తకుడు ఆ పొలమును కొన్నాడు. యాత్రికులు వత్తురని, రాబడి ఉండునని ఆయన ఆశ. యాత్రికులకు చూపుటకు ఇల్లు కావలెను గదా! 1895లో దాపున ఉన్న రెండంతస్తుల పాత దుంగల ఇల్లు ఒకటి కొని, విప్పించి, అందులోని దుంగలతో మిట్టమీద ఒంటిగది ఇల్లు కట్టించినాడు. జనము రాలేదు. అప్పుడు ఇంటినే జనమువద్దకు పంపదలచినాడు.

ఇక ప్రయాణములు. 1897లో టెన్నెసీ రాష్ట్రపు నాష్‌విల్ నగరమున గొప్ప ప్రదర్శన జరిగినది. దుంగలను విప్పి అక్కడికి తరలించి పేర్చినారు. ఆ ప్రదర్శనకే ఇంకొక దుంగల ఇల్లు కూడ తెచ్చినారు. అది జెఫర్సన్ డేవిస్ పుట్టినదట! అంతర్యుద్ధములో దక్షిణ రాష్ట్రములకు అధ్యక్షుడై లింకన్‌తో పోరాడిన డేవిస్ కూడ కెంటకీలోనే, లింకన్ కన్న ఎనిమిది నెలల ముందు, 1808 జూన్ 3న పుట్టినాడు. ప్రదర్శన ముగిసిన పిమ్మట రెండిండ్ల దుంగలను కలిపి తరలించినారు. 1901లో బఫెలో నగరపు ప్రదర్శనలో మరల నిలిపినారు. తరువాత న్యూయార్కు దాపున లాంగ్ ఐలండులో ఒక నేలమాళిగలో పడవేసినారు. ఈ రాకపోకలలో రెండిండ్ల దుంగలు కలిసిపోయినవి. ఇద్దరు ప్రత్యర్థుల ఇండ్లు ఒక కుప్పయైనవి! గూడ్సు షెడ్డులో ఇద్దరు వ్యాపారుల కలప మార్కాలు లేకుండ దిగిన ఎట్లుండునో మాకు అనుభవమే. తీసుకొన్నవాడు తీసుకొన్నదే తనదనును.

1905లో ఆ పొలము కోర్టు వాకిట వేలమునకు వచ్చినది. కాలియర్స్ అను వారపత్రికను నడపిన రాబర్ట్ కాలియర్ 3,600 డాలర్లకు పాడుకొన్నాడు. మరుసటి ఏడు లింకన్ పొలపు సంఘము ఏర్పడినది. అందులో రచయిత మార్క్ ట్వేన్, కార్మిక నాయకుడు శామ్యూల్ గాంపర్స్ వంటి వారున్నారు. చందా వసూళ్ళలో ఆ సంఘము పెట్టుకొన్న నియమము మన సంఘము వారు కూడ వినదగినది. 25 సెంట్లకు తక్కువ, 25 డాలర్లకు ఎక్కువ ఎవ్వరివద్దను తీసుకొనరాదు. ధనవంతుడొకడు కట్టించినాడను పేరు రాకుండుటకు ఈ కట్టుబాటు. లక్షకు పైబడిన జనము చందాలియ్యగా మూడున్నర లక్షల డాలర్లకు మించి పోగైనది. ఆ సంఘమే దుంగలను 1,000 డాలర్లకు కొని, 1906లో జెండాలతో అలంకరించిన బండిమీద, సిపాయిల కావలితో, న్యూయార్కు నుండి కెంటకీకి పంపినది. దారిలో బండి ఆగిన చోట్ల జనము గుమిగూడి చూచినారు. ఒకరి చూపు ఆపేక్ష, ఒకరి చూపు భక్తి. సరుకు ఇదేనా అని చూచినవారు మాత్రము తక్కువ.

1909 ఫిబ్రవరి 12, లింకన్ నూరవ జయంతినాడు, అధ్యక్షుడు థియొడోర్ రూజ్వెల్టు ఆ మిట్టమీద శంకుస్థాపన చేసినాడు. 1911లో అధ్యక్షుడు టాఫ్టు ప్రారంభోత్సవము జరిపినాడు. 1916లో పొలము, మందిరము దేశప్రభుత్వమునకు అప్పగింపబడినవి. మందిరమును రూపొందించినవాడు జాన్ రసెల్ పోప్. గ్రీకు దేవాలయము వలె స్తంభములతో, గ్రానైటు, పాలరాళ్ళతో కట్టినారు. లింకన్ ఏబదియారేండ్లు జీవించెను గనుక మెట్లు 56. వాషింగ్టన్ నగరములోని ప్రసిద్ధమైన లింకన్ మందిరము 1922లో తెరచినది గనుక, అంతకు ముందే వెలసినది ఇది. ఇంత మందిరము కట్టి, గర్భగుడిలో దుంగల ఇంటిని నిలుపబోగా, చుట్టు తిరిగి చూచుటకు జనమునకు చోటు చాలలేదు. ఏమి చేసినారు? దుంగలను కోసి ఇంటిని చిన్నది చేసినారు! విగ్రహమునకు తగిన గుడి కట్టుట లోకాచారము. ఇక్కడ గుడికి తగినట్లు విగ్రహమును చెక్కివేసినారు.

అనుమానములు మొదటినుండియు ఉన్నవి. 1948లో రాయ్ హేస్ అను పరిశోధకుడు పాత పత్రములు, పొరుగువారి వాఙ్మూలములు వెదకి, ఇది లింకన్ పుట్టిన ఇల్లు అనుటకు ఆధారము లేదని వ్యాసము ప్రకటించినాడు. ఉద్యానశాఖవారు మాట మార్చుకొని, సంప్రదాయము చొప్పున జన్మగృహమని చెప్పసాగినారు. నిర్ణయము చేసినవి మాత్రము మానులే. చెట్టు ఏటికొక వలయము చొప్పున లావెక్కును. వానలు బాగుగా పడిన ఏట వలయము వెడల్పు, ఎండిన ఏట సన్నము. ఆ ప్రాంతపు పాత చెట్ల వలయముల వరుసతో దుంగలోని వరుసను సరిపోల్చిన, ఆ చెట్టును నరికిన సంవత్సరము తేలును. 2004లో నిపుణులు ఈ పరీక్ష చేయగా, దుంగలలో మిక్కిలి పాతది కూడ 1848 నాటిదని తేలినది. 1848లో లింకన్ పసిబిడ్డ కాదు. ముప్పది తొమ్మిదేండ్ల వాడై, వాషింగ్టన్‌లో కాంగ్రెసు సభ్యుడుగా కూర్చుండి యున్నాడు.

ఇప్పుడక్కడ దానిని జన్మగృహపు చిహ్నమని మాత్రమే చెప్పుచున్నారు. ఇది మర్యాదగల మాట. మందిరమును కూల్చలేదు, ఇంటిని దాచలేదు, మాట దిద్దుకొన్నారు. పావు డాలరు పంపిన బడిపిల్లలు, కూలివారు మోసపోయినారని కొందరందురు. మాకట్లు తోచదు. వారు చెల్లించినది దుంగలకు మాత్రమే కాదు. ఆ పొలము మిగిలినది వారి వలననే. తప్పు డెన్నెట్‌ది. సరుకు చూడకుండ చీటీ వ్రాసి అంటించినాడు. ఆ చీటీని ప్రదర్శనలవారు, పత్రికలవారు, ముగ్గురు అధ్యక్షులు నమ్మి ముందుకు పంపినారు. ఒకసారి అంటిన చీటీని దారిలో ఎవరును విప్పి చూడరు. స్టేషనులలోను ఇదియే వరుస.

ఇంత దూరపు కథ మన సంచికలో ఎందుకని కొందరు అడుగవచ్చును. మన పేటలో తొలి తెలుగు కుటుంబములు దిగిన ఇల్లు ఇదియే అని ఒక పెంకుటింటిని పెద్దలు చూపుచుందురు. వేరొక పెద్దను అడిగిన రెండు వీధుల అవతల ఇంకొకటి చూపును. ఇద్దరును మాకు పూజ్యులే. ఆ ఇండ్లలో ఒకదాని ముందు శిలాఫలకము వేయింపవలెనని సభ్యులలో ఆలోచన ఉన్నది. వేయవలసినదే. అయితే రాతిమీద అక్షరము చెక్కించుటకు ముందు ఒక పాత పన్ను రసీదో, అద్దె చీటీయో, క్వార్టరు కేటాయించిన కాగితమో చూచి ఒక పుస్తకములో నకలు వ్రాసి ఉంచుదురని కార్యదర్శిగారికి మా మనవి. ట్రంకు పెట్టెల అడుగున ఇట్టి కాగితములున్న కుటుంబములు పదియైన ఉండును. చెదలకు చిక్కకముందే తీయవలెను.

ఆ పొలములో లింకన్ నాటిదని నిశ్చయముగా చెప్పదగినవి రెండే మిగిలినవి. మొదటిది సర్వేలో హద్దుగా వ్రాసిన ఓక్ చెట్టు. మందిరమున్న మిట్టకు దాపుననే ఉండెడిది. అది 1976లో చచ్చిపోయినది. రెండవది ఊట. రాతిమెట్లు దిగిపోయి నేటికిని చూడవచ్చును.

ఇక అసలు దుంగల మాట. టామస్ లింకన్ తన చివరి ఏండ్లు గడపి 1851లో కన్నుమూసిన ఇల్లు ఇల్లినాయి రాష్ట్రపు కోల్స్ జిల్లాలో ఉండెడిది. అదియు దుంగలదే, అందులో అనుమానము లేదు. కొడుకు అక్కడికి వచ్చి తల్లిదండ్రులను చూచిపోయెడివాడు. 1893లో చికాగో మహాప్రదర్శనకని దానిని విప్పి పంపినారు. ప్రదర్శన ముగిసినది. దుంగలు తిరిగి రాలేదు, ఏమైనవో తెలియలేదు. అది ఉన్నచోట 1930ల నాటి నమూనా ఇల్లు నిలిచియున్నది.